తాళము వేసిన ఆటలు

కళాశాల వార్షిక సంచికలో తెలుగు అధ్యాపకులు కంప్యూటరు ఆటల గురించి వ్రాయుట ఏమిటని పెద్దలు కొందరు నొసలు చిట్లింపవచ్చును. ఆటలు చదువును చెరచునా, తెలివిని పెంచునా అను పాత తగవు జోలికి మేము పోవుట లేదు. విద్యార్థులు ఆడుచున్నారు. వారు ఆడు ఆటలలో చాలా వరకు డబ్బిచ్చి కొన్నవి కావు. గద్వాలలో గాని, వనపర్తిలో గాని, నాగర్‌కర్నూలులో గాని ఏ వసతి గృహమునకు పోయి విచారించినను ఈ సంగతి దాపరికము లేకుండ తెలియగలదు. మా తగవంతయు ఆ ఆటలకు కంపెనీలు వేయు తాళములను గురించి. ఆ తాళము ఎవరిని ఆపుచున్నది? దాని బరువు ఎవరు మోయుచున్నారు?

ముందుగా ఒక మాట సంగతి. 'నకలు' మన ప్రాంతమున చెడ్డ మాట కాదు. పహాణీ నకలు కొరకు తహసీలు కార్యాలయము చుట్టు తిరుగని రైతు మన జిల్లాలలో లేడు. అదే ధాతువు నుండి పుట్టిన 'నకిలీ' మాత్రము మోసమునకు పేరైనది. పరీక్షలో చూచి వ్రాయుటను ఉర్దూ వారు 'నకల్' అందురు. ఒకే మాట మూడు వాకిళ్లలో మూడు విలువలు పొందినది. అచ్చుయంత్రము రాక పూర్వము గ్రంథమునకు ప్రతి వ్రాసి ఇచ్చుట పుణ్యకార్యము. విద్వద్గద్వాల యని పేరు పొందిన సంస్థానములో గాని, వనపర్తి, ఆత్మకూరు సంస్థానములలో గాని ప్రతులు వ్రాయువారు లేకపోయినచో కవుల గ్రంథములు చెదలపాలు కావలసినవే. తాళపత్రమునకు తాళము లేదు. ఉన్నచో ఈనాడు మేము బోధించుటకు ప్రబంధములే ఉండెడివి కావు.

అయితే ఆ కాలపు కవికి రాజు అగ్రహారమో, వార్షికమో ఇచ్చెడివాడు. ప్రతికి ఇంత అని కవి అమ్ముకొనలేదు. నేటి ఆటను తయారు చేయువారికి రాజులు లేరు. వందలమంది నాలుగైదేండ్లు కూర్చుండి చేసిన పనికి ప్రతుల అమ్మకమే జీతము. కావున పూర్వపు ప్రతిని చూపి నేటి దొంగప్రతిని సమర్థింపరాదు. ఈ మాట మేము గద్వాలలో మరింత గట్టిగా చెప్పవచ్చును. నూలు ఒడలికి పట్టు అంచును, పట్టు కొంగును జోడించి నేసిన చీరకు పవర్‌లూముపై అచ్చుగుద్దిన అనుకరణ అంగడికి వచ్చినప్పుడు నేతగాని మగ్గము ఎట్లు మూగబోవునో మన విద్యార్థులలో పలువురు ఇంటనే చూచినారు. చీర వంటి వస్త్రములను చేనేతకే ప్రత్యేకించుచు 1985లో పార్లమెంటు చట్టము చేసినది. అయినను అనుకరణ ఆగలేదు. నకిలీ చీరను చూచి మండిపడు విద్యార్థి దొంగప్రతి ఆటను దించుకొనునప్పుడు నిశ్చింతగా ఉండుట మాకు వింతగా తోచును. ఒక భేదము లేకపోలేదు. నకిలీ చీర కొన్నవారు మోసపోవుదురు. దొంగప్రతి ఆట ఆడువాడు మోసపోవుట లేదు, అతనికి సంగతి తెలియును. చేసినవానికి కూలి రాకపోవుట మాత్రము రెండింటిలోను ఒక్కటే.

దొంగప్రతి ఆటలతో పుట్టినది కాదు. ఇంటి కంప్యూటరుకు వ్రాసిన తొలి వాణిజ్య ప్రోగ్రాములలో ఒకటైన ఆల్టేర్ బేసిక్‌ను అభిమానులు ఉచితముగా పంచుకొనుచున్నారని బిల్ గేట్స్ 1976 ఫిబ్రవరిలో బహిరంగ లేఖ వ్రాసినాడు. ఆ తరువాత వచ్చిన తాళములు ముచ్చటైనవి. 1989లో వెలువడిన ప్రిన్స్ ఆఫ్ పర్షియాను మన దేశములో కంప్యూటరు శిక్షణా కేంద్రములలో 1990లలో ఆడనివారు అరుదు. డాస్ ప్రతిలో మొదటి అంకము దాటగానే అక్షరములు వ్రాసిన పానపాత్రల గది వచ్చును. ఆటతో వచ్చిన పుస్తకములో ఫలానా పుట, ఫలానా పంక్తి చూచి సరియైన అక్షరమున్న పాత్రలోని పానీయము త్రాగవలెను. పుస్తకము లేనివానికి దారి లేదు. 1990లో వచ్చిన మంకీ ఐలండ్ ఆటకు అట్టతో చేసిన చక్రము ఇచ్చినారు. తిప్పి సంఖ్య చూచి చెప్పవలెను. ఆ తాళములను తెలివిగల పిల్లలు విరుగగొట్టినారు. కాని కొన్నవానికి వానివలన నష్టము లేదు. ఒకసారి సమాధానము చెప్పిన పిదప తాళము ప్రక్కకు తొలగి ఆటను ఆడనిచ్చును.

సీడీలు వచ్చిన పిదప తాళము స్వభావము మారినది. అది వాకిట నిలుచుట మాని ఇంటిలోనికి వచ్చినది. స్టార్‌ఫోర్స్ అను తాళము కంప్యూటరు లోతులలో తన డ్రైవరును నాటుకొనెడిది. ఫిర్యాదులు మిక్కుటమై యూబీసాఫ్ట్ కంపెనీ 2006లో దానిని విడిచినది. 2008లో స్పోర్ ఆట సెక్యూరామ్ తాళముతో వచ్చినది. కొన్నవాడు మూడు కంప్యూటర్లపై మాత్రమే దానిని నెలకొల్పవచ్చునని షరతు. ఆగ్రహించిన కొనుగోలుదారులు అమెజాన్ దుకాణములో వేలకొలది తిట్లు వ్రాసినారు. ఆ సంవత్సరము అత్యధికముగా దొంగిలింపబడిన ఆటలలో ఆ ఆటయే ముందు నిలిచినది! 2015లో ఇంకొక విడ్డూరము. ఆ కాలపు సీడీ తాళముల వలన కంప్యూటరుకే భద్రత లేదని మైక్రోసాఫ్ట్ విండోస్ 10లో వానికి చోటీయలేదు. పాత విండోసులలోను ఆ డ్రైవరును నిలిపివేసినది. పది పదిహేనేండ్ల క్రిందట న్యాయముగా కొన్న సీడీలు పెట్టెలో ఉండగనే పనికిరాకుండ పోయినవి. తాళము తీసిన దొంగప్రతులు మాత్రము నడుచుచునే ఉన్నవి.

ఇంటర్నెట్టు ఎల్లవేళల ఉండి తీరవలెనను తాళము 2010లో వచ్చినది. అసాసిన్స్ క్రీడ్ 2 ఒంటరిగా ఆడు ఆట. అయినను కంపెనీ సర్వరుతో సంబంధము తెగినచో ఆట నిలిచిపోయెడిది. ఆ మార్చిలో సర్వర్లే మొరాయించి కొన్నవారు ఆడలేకపోయినారు. 2013 మార్చిలో సిమ్‌సిటీకి పట్టిన గతియు ఇదే. విద్యుత్తు, నెట్టు ఎన్నడు తప్పని నగరములలో కూర్చుండి ఈ షరతులు వ్రాసినవారికి కొల్లాపురము దారిలోని పల్లె ఒకటి ఎట్లుండునో తెలియదు. మా విద్యార్థి ఒకడు సెలవులలో ఇంటికి పోయి, తాను కూడబెట్టిన డబ్బుతో కొన్న ఆటను తెరువబోగా, నెట్టు ద్వారా మరల గుర్తింపు పొందవలెనని తెరపై వచ్చినదట. ఆ ఊర ఫోనులో సంకేతము అందవలెనన్న మేడ ఎక్కవలెను. అతని మిత్రుని దొంగప్రతి అదే ఇంటిలో అదే రాత్రి నిరాటంకముగా నడిచినదట. ఆ విద్యార్థికి మేము నీతి ఏమని బోధింపవలెను?

ఇక నేటి తాళము సంగతి. ఆస్ట్రియా దేశపు సాల్జ్‌బర్గ్‌లో పుట్టిన డెనువో 2014లో ఫిఫా 15 వంటి ఆటలతో రంగమునకు వచ్చినది. 2018లో ఇర్డెటో అను సంస్థ దానిని కొన్నది. దీని పని తీరును స్థూలముగా చెప్పెదము. ఆట మొదట తెరచినప్పుడు ఆ కంప్యూటరు అంగములను లెక్కించి ఒక చీటీ తయారగును. సర్వరు దానికి సరిపడు అనుమతి పంపును. ఆటలోని కొన్ని భాగములను ప్రాసెసరుకు నేరుగా అర్థము కాని కల్పిత భాషలోనికి మార్చి ఉంతురు. ఆట నడుచుచుండగా ఆ భాగములు వచ్చినప్పుడెల్ల దుబాసీ యొకడు అనువదించి, ఇది అనుమతి పొందిన యంత్రమేనా యని చూచి ముందుకు పంపవలెను. ఒక ఆదేశమునకు బదులు అనేక ఆదేశములు నడుచును. అరుదుగా వచ్చు భాగములకు దుబాసీని పెట్టినచో ఎవరికిని తెలియదు. అడుగడుగున వచ్చు భాగములకు పెట్టినచో ఆట తడబడును.

ఈ తడబాటు ఎంతటిదో లెక్కగా చూడవచ్చును. సినిమాలో సెకనుకు 24 బొమ్మలు తిరుగును. ఆటలో 60 కావలెనందురు. అనగా ఒక్కొక్క బొమ్మకు దాదాపు 16.7 మిల్లీసెకండ్ల గడువు. ఆ గడువులోనే శత్రువు కదలిక, వెలుగునీడలు, ధ్వని అన్నియు ముగియవలెను. ఆ మధ్య దుబాసీ మరి ఇరువది మిల్లీసెకండ్లు తీసుకొన్నచో బొమ్మ ఆగి కదలును. సగటు వేగము చూపు పట్టికలో ఇది కానరాకపోవచ్చును. ఆడువాని వ్రేలికి తెలియును. వేగము అధికముగా గల ఖరీదైన ప్రాసెసరులో ఈ బరువు మరుగుపడును. ఎవరో వాడి అమ్మిన ల్యాప్‌టాపు తెచ్చుకొన్న మన విద్యార్థి యంత్రములో మరుగుపడుటకు చోటేది? తాళము బరువు బీదవాని యంత్రముపైననే ఎక్కువగా పడుచున్నది. ఈ అంశమును కంపెనీల వారు గాని, విమర్శకులు గాని తగినంతగా పట్టించుకొనలేదని మా అభిప్రాయము.

ఇది ఊహ కాదు. టెక్కెన్ 7 ఆటలో కొన్ని దెబ్బల వద్ద వేగము పడిపోవుటకు డెనువో కారణమని 2018లో ఆ ఆట నిర్మాత హరాడాయే బహిరంగముగా చెప్పినాడు. 2021లో క్యాప్‌కామ్ వారి రెసిడెంట్ ఈవిల్ విలేజ్ వచ్చినది. శత్రువులను కాల్చునప్పుడెల్ల ఆట తడబడుచున్నదని కొన్నవారు మొత్తుకొన్నారు. తాళము విరిచినవారి ప్రతిలో ఆ తడబాటు లేదు. డిజిటల్ ఫౌండ్రీ అను పరీక్షకులు రెండింటిని పోల్చి ఇది నిజమేనని తేల్చినారు. కంపెనీ వారు తమ స్వంత తాళము పైన డెనువోను కూడ తొడిగియుండిరి. ఆ జూలైలో తాళమును సవరించి కొత్త ప్రతి ఇచ్చిన పిమ్మట తడబాటు తగ్గినది. అనగా దొంగకు కొంతకాలముపాటు మేలైన వస్తువు, దొరకు నాసిరకము దక్కినవి.

అదే సంవత్సరము చివర ఇంటెల్ కంపెనీ పెద్ద, చిన్న కోరులు కలిసిన కొత్త ప్రాసెసరులు తెచ్చినది. చిన్న కోరును చూచి కొన్ని తాళములు ఇది వేరొక కంప్యూటరని భ్రమపడినవి. అట్టి ఆటలు ఏబదికి పైగా ఉన్నవని ఇంటెల్ వారే జాబితా ఇచ్చినారు. ఆ నవంబరులోనే డెనువోకు చెందిన ఒక డొమైన్ గడువు తీరిపోయి, పలు ఆటలు కొన్ని గంటలసేపు తెరచుకొనలేదు. ఒకరి మరపు వలన లోకమందలి కొనుగోలుదారులు వాకిట నిలువవలసి వచ్చినది.

ఎదుటి పక్షము వాదమును వినకుండుట ధర్మము కాదు. తమ తాళము వేగమును తగ్గింపదని ఇర్డెటో వారి వాదము. తాళమున్న ప్రతిని, లేని ప్రతిని పరీక్షకులకిచ్చి దీనిని నిరూపింపగలమని 2023లో చెప్పినారు. తాళమును ఎట్లు, ఎచ్చట పెట్టినారను దానిపై ఆధారపడియున్నది గనుక ఆ వాదమును పూర్తిగా త్రోసివేయలేము. తాళము వలన లాభమున్నదనుటకు ఆధారము కూడ ఉన్నది. డెనువో ఉన్న 86 ఆటలను విలియం వోల్క్‌మన్ అను పరిశోధకుడు పరిశీలించి 2024లో ప్రకటించిన ఫలితము ప్రకారము, ఆట వెలువడిన మొదటి వారములోనే తాళము విరిగినచో ఆదాయము సగటున దాదాపు 20 శాతము పడిపోవును. ఆలస్యమైన కొలది నష్టము తగ్గును. పండ్రెండు వారములు దాటిన పిదప విరిగినను నష్టము లేదనదగినంత స్వల్పము.

మాకు ఈ లెక్క ముఖ్యముగా తోచినది. మొదటి మూడు నెలల తాళము కూలి కొరకు వేసినది. ఆ పిదప నిలిచియుండు తాళము అలవాటు వలన నిలిచినది. ఆ అలవాటునకు వెల కొన్నవాడు చెల్లించుచున్నాడు. కొన్ని కంపెనీలు కొంతకాలమునకు తాళమును తామే తీసివేయుచున్నవి. 2017లో రైమ్ ఆట చేసినవారు తాళము విరిగినచో తీసివేయుదుమని ముందే మాటయిచ్చి, కొద్ది రోజులలో విరుగగనే తీసివేసినారు. ఇది అందరకు నియమము కావలెను. ఆట వెలువడు నాడే, ఫలానా తేదీన తాళము తీసెదమని పెట్టె మీద వ్రాయవలెను. మందుసీసా మీద గడువు వ్రాయుట లేదా?

దొంగప్రతి వాడు విద్యార్థులు ఇంతవరకు చదివి సంతోషించి యుందురు. వారు తరువాతి సంగతియు చదువవలెను. తాళము విరిచి పంచువారందరు ధర్మదాతలు కారు. దొంగప్రతి ఆటలలో దాగి వచ్చు క్రాకొనోష్ అను దుష్ట ప్రోగ్రామును 2021లో అవాస్ట్ సంస్థ బయటపెట్టినది. అది రక్షణ ప్రోగ్రాములను నిలిపివేసి, ఆడువానికి తెలియకుండ అతని యంత్రముతో మొనేరో అను డిజిటల్ నాణెములను తవ్వించుకొనెడిది. లోకములో 2,22,000కు పైగా కంప్యూటర్లు దాని పాలైనవి. వానిలో పదమూడు వేలకు పైగా మన దేశములోనివే. తాళము వేగమును హరించుచున్నదని వాపోవు విద్యార్థి ల్యాప్‌టాపు తెల్లవార్లు ఎవరికొరకో వెట్టి చేయుచుండుట ఎంత చిత్రము! బీదతనము వలన దొంగప్రతి వాడుచున్నామను మాటలో నిజము లేకపోలేదు. పెద్ద ఆట ఒక్కటి మూడు వేల నుండి అయిదు వేల రూపాయలకు పైగా ఉన్నది. కాని స్టీమ్ దుకాణము 2015 నవంబరులో రూపాయలలో ధరలు పెట్టినది. ఏడాదికి పలుమార్లు ధరలు దిగును. పాత మంచి ఆటలు మూడు నాలుగు సినిమా టిక్కెట్ల వెలకు వచ్చును. ఆ వెలకు కూడ కొననివాడు బీదతనమును సాకుగా చెప్పరాదు. నిన్న వచ్చిన ఆటయే నేడు కావలెనను తహతహ బీదతనము కాదు.

బీద దేశములో దొంగప్రతిని ఎట్లు ఎదుర్కొనవచ్చునో పోలండు చూపినది. 1994లో వార్సాలో ఆరంభమైన సీడీ ప్రాజెక్ట్ అను చిన్న సంస్థ, బజారులలో దొంగప్రతులు కుప్పలుగా పోసి అమ్ము కాలములో ఆటల వ్యాపారమునకు దిగినది. 1999లో బాల్డర్స్ గేట్ ఆటను పోలిష్ భాషలోనికి మార్చి, పేరున్న నటుల చేత మాటలు చెప్పించి, పెట్టెలో తోలుకాగితము వంటి పటము, పాటల సీడీ పెట్టి అమ్మినది. దొంగ ఈయలేని వస్తువును ఈయవలెనను ఉపాయము ఫలించినది. 2011లో వారు తయారు చేసిన విచర్ 2 ఆటను ఏ తాళము లేకుండ తమ నెట్టు దుకాణములో అమ్మినారు. పెట్టెలో వచ్చిన ప్రతికి మాత్రము వేరే ప్రచురణకర్తల వలన తాళముండెను. కొద్ది రోజులకే దానిని కూడ తీసివేయగా ఆట వేగము హెచ్చినది. దొంగలు పంచినది ఆ తాళమున్న ప్రతిని విరిచియేనని కంపెనీ వారు తరువాత చెప్పినారు. తెలుగు మాటలతో, తెలుగు అక్షరములతో పెద్ద ఆటలు అమ్మకమునకు వచ్చు రోజు ఎన్నడో!

మన చట్టము ఈ విషయములో పలువురు తలచినంత మొరటుగా లేదు. కాపీరైటు చట్టము 1957 నాటిది. 1994 సవరణ ప్రకారము దొంగ ప్రోగ్రామని తెలిసి వాడినచో ఏడు రోజుల నుండి మూడేండ్ల వరకు ఖైదు, ఏబది వేల నుండి రెండు లక్షల రూపాయల వరకు జుల్మానా. వ్యాపారము కొరకు కాక వాడినచో న్యాయస్థానము ఖైదు విధింపకుండ ఏబది వేల లోపు జుల్మానాతో సరిపుచ్చవచ్చును. న్యాయముగా పొందిన ప్రోగ్రాము చెడిపోవునను భయముతో తన కొరకు వేరొక ప్రతి దాచుకొనుటకు హక్కు కూడ ఉన్నది. 2012లో చేర్చిన 65ఏ విభాగము తాళము విరుచుటను నేరము చేసినది. అయితే హక్కును భంగపరచు ఉద్దేశ్యముతో విరిచిననే నేరము. తాను కొన్న పాత సీడీ కొత్త విండోసులో నడువక తాళము తీసుకొన్నవానిని దొంగతో కలిపి కట్టుట చట్టము ఉద్దేశ్యమని మేము తలపము. అసలు కొన్నది వస్తువా, అనుమతి మాత్రమేనా అను చర్చ లోకమంతట నడుచుచున్నది. ది క్రూ అను ఆట సర్వర్లను కంపెనీ 2024 మార్చి 31న ఆపివేయగా, కొన్నవారందరి చేతిలో ఏమియు మిగులలేదు. దానిపై ఐరోపాలో లేచిన విజ్ఞప్తికి 2025 జూలై నాటికి పది లక్షల సంతకములు దాటినవి. కొనుగోలుదారు పొందుచున్నది అనుమతి మాత్రమేనని స్పష్టముగా చెప్పవలెనని కాలిఫోర్నియా 2024లో చట్టము చేసినది. మన వినియోగదారుల సంఘములు బియ్యము తూకము మీద చూపు శ్రద్ధ ఇటు కూడ చూపవచ్చును.

తాళము, దొంగప్రతి మన రెండు భాషల అక్షరముల దాక వచ్చినవి. ఈ సంచికలో ఉర్దూ పుటలు చదువు మిత్రులకు నూరీ నస్తాలీఖ్ కొత్త కాదు. మీర్జా అహ్మద్ జమీల్ 1981లో మోనోటైపు సంస్థతో కలిసి దాదాపు ఇరువది వేల కూడికలను చేతితో తీర్చి ఆ లిపిని యంత్రమునకు ఎక్కించినాడు. 1994లో ఢిల్లీ నుండి వచ్చిన ఇన్‌పేజ్ దానిని ప్రతి ముద్రణాలయమునకు చేర్చినది. డాంగిల్ అను తాళముతో అమ్మినను పాకిస్తానులోను, ఇచ్చటను అది ఎంతగా నకళ్లైనదో చెప్పనక్కరలేదు. ఆ నకళ్లు లేనిచో చిన్న ఉర్దూ పత్రికలు కంప్యూటరు ముఖము చూచియుండెడివి కావని కొందరు అందురు. ఆ మాటలో కొంత సత్యమున్నది. అయినను ఇరువది వేల కూడికలు తీర్చిన చేతికి ఏమి మిగిలినదను ప్రశ్న మమ్ము వదలదు. నేడు ఆ ఇరకాటము లేదు. తెలుగునకు మండలి, సూరన్న, ధూర్జటి వంటివియు, ఉర్దూకు నోటో నస్తాలీఖ్, గుల్జార్ వంటివియు చేసినవారే ఇష్టపూర్వకముగా అందరకు ఇచ్చిన యూనికోడు ఖతులు. దొంగతనము అవసరము లేని చోట కూడ పాత దొంగప్రతినే పట్టుకొని వ్రేలాడుట సోమరితనము. వచ్చే సంవత్సరము నుండి సంచిక రెండు భాగములను ఈ ఖతులతోనే కూర్చవలెనని సంపాదక వర్గమునకు మా మనవి.

మా కంప్యూటరు విభాగపు విద్యార్థులు కొందరు గోడో అను ఉచిత పనిముట్టుతో పులిజూదమును ఆటగా తయారు చేయుచున్నారు. గుడి అరుగుల మీద, దర్గా మెట్ల మీద చెక్కిన గడులను ఫొటోలు తీసి తెచ్చినారు. పులికి కదలికలు సరిగనే వచ్చినవి. మేకలు మాత్రము ఇంకను బుద్ధిహీనముగా చచ్చుచున్నవి. దానిని ఏబది రూపాయలకు అమ్మదలచి, తాళము వేయవలెనా యని మమ్మడిగినారు. మొదటి మూడు నెలలు వేసికొనుడని, నెట్టు అడుగని తాళము వేయుడని, తీసివేయు తేదీని మొదటి తెర మీదనే తెలుగులోను, ఉర్దూలోను వ్రాయుడని చెప్పినాము. వారు తేదీ ఇంకను నిర్ణయింపలేదు.